కొలువు చేసిన ఏండ్లు ఏ గంగలో కలిశాయి?

పరీక్ష పెట్టింది సర్కారు. రోస్టర్ పాయింట్లు వేసింది సర్కారు. మెరిట్ లిస్టు తీసింది, సర్టిఫికెట్లు తిరగేసి మరగేసి చూసింది, నియామక ఉత్తర్వు చేతిలో పెట్టింది కూడా సర్కారే. నాలుగేండ్లు ఊరి మోరీల నుంచి శ్మశానం దాకా అన్ని పనులూ చేయించుకున్నదీ ఆ సర్కారే. తీరా పై స్కేలుకు సర్వీసు లెక్కగట్టే కాడికి వచ్చేసరికి "అప్పుడు మీరు రెగ్యులర్ కాదు కదా" అనే మాట పుట్టింది. కాదని రాసుకున్నది ఎవరు? మేం అడుగుతున్నది ఈ ఒక్క ప్రశ్నే.

జూనియర్ పంచాయతీ కార్యదర్శుల ముచ్చట ఇది. 2018లో కొత్త పంచాయతీరాజ్ చట్టం వచ్చింది. తండాలు, గూడేలు పంచాయతీలయ్యాయి. మొత్తం పంచాయతీలు 12,700 దాటాయి. ఊరికో కార్యదర్శి ఉండాలని ఆ ఏడాది ఆగస్టులో 9,355 పోస్టులకు నోటిఫికేషన్ ఇచ్చారు. లక్షల మంది దరఖాస్తు పెట్టుకున్నారు. డిగ్రీలు, పీజీలు, బీటెక్‌లు చేసినోళ్లు పోటీపడి గెలిచి, 2019 ఏప్రిల్‌లో కొలువుల్లో చేరారు. హోదాకు ముందు 'జూనియర్' అని ఒక తోక. (తోకను ముందు తగిలించిన ఘనత మన పాలకులకే దక్కింది.) జీతం నెలకు 15 వేలు, ఏకమొత్తం. మూడేండ్ల ప్రొబేషన్.

ఇక్కడే అసలు కిటుకు ఉంది. ప్రొబేషన్ అనేది కొత్త మాట కాదు. గ్రూప్-2లో ఎంపికైన అధికారికీ ప్రొబేషన్ ఉంటుంది. కానీ ఆయనకు మొదటి రోజు నుంచే టైమ్‌స్కేలు ఉంటుంది, డీఏ ఉంటుంది, ప్రొబేషన్ పూర్తయ్యాక ఆ కాలం సర్వీసులో కలుస్తుంది. పంచాయతీ కార్యదర్శికి మాత్రం ప్రొబేషన్ అనే పేరు ఇచ్చారు, అందులోని సత్తువంతా పిండేశారు. స్కేలు లేని ప్రొబేషన్, ఇంక్రిమెంటు లేని ప్రొబేషన్! ఉద్యోగంలో ఉన్నట్టే, సర్వీసులో లేనట్టే.

పని సంగతి చెప్పాల్సి వస్తే ఈ పత్రిక పేజీలు చాలవు. తెల్లారకముందే పారిశుధ్య పనుల దగ్గర నిలబడి ఫొటో తీసి యాప్‌లో ఎక్కించాలి. నర్సరీ పెంచాలి. నాటిన మొక్కల్లో 85 శాతం బతకాలి, బతకకపోతే వేటు పడుతుందని చట్టంలోనే రాసి పెట్టారు. ఎండకు మొక్క ఎండితే కార్యదర్శి కొలువు ఎండుతుందన్నమాట! పల్లె ప్రకృతి వనం, డంపింగ్ యార్డు, వైకుంఠధామం, ఇంటి పన్ను వసూలు, ఉపాధి హామీ, జనన మరణాల రిజిస్టరు, అన్నీ ఆ ఒక్క మనిషి నెత్తినే. 2020లో కరోనా వచ్చి జనం తలుపులు బిగించుకున్ననాడు ఊరి వీధుల్లో మందు కొట్టించింది ఎవరు? పట్నం నుంచి కాలినడకన వచ్చినోళ్ల పేర్లు రాసి వేరుగా ఉంచింది ఎవరు? ఆ దినం "నువ్వు రెగ్యులర్ కాదు, ఇంటికాడ కూర్చో" అని ఏ అధికారీ అనలేదు.

2021 జూలైలో జీతం 28,719 రూపాయలు చేశారు. మూడేండ్లు నిండేసరికి మరో ఏడాది పొడిగించారు. నాలుగేండ్లు నిండాక కూడా ఉలుకూ పలుకూ లేకపోతే 2023 ఏప్రిల్ చివర సమ్మెకు దిగారు. కొలువులు తీసేస్తామని బెదిరింపులు వచ్చాయి. మే నెలలో విరమించారు. ఆ తర్వాత పనితీరుకు మార్కులేసి, 70 శాతం దాటినోళ్లను గ్రేడ్-4 పంచాయతీ కార్యదర్శులుగా క్రమబద్ధీకరించారు. ఒక్క నిమిషం ఆగి ఈ మార్కుల సంగతి ఆలోచించండి. దేనికి వేశారు ఆ మార్కులు? ఆ నాలుగేండ్ల పనికే. పనికి మార్కులు వేయడానికి లెక్కలోకి వచ్చిన కాలం, ఆ పనికి ఫలం ఇచ్చేటప్పుడు లెక్కలోంచి ఎట్లా జారిపోతుంది?

విద్యార్థి మిత్రుల కోసం ఒక ముక్క. ప్రభుత్వ ఉద్యోగంలో అందరికీ ప్రమోషన్ రాదు. పై పోస్టు ఖాళీ ఉంటేనే వస్తుంది. వందమంది కింద ఉంటే పైన పది కుర్చీలు ఉంటాయి. ఒకే కుర్చీలో ఏండ్లకేండ్లు మగ్గేవాళ్లకు ఊరటగా పెట్టిందే ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కీము. ఒకప్పుడు 8, 16, 24 ఏండ్లకు పై స్కేలు ఇచ్చేవాళ్లు. 2010 పీఆర్సీతో దాన్ని 6, 12, 18, 24 ఏండ్లుగా మార్చారు. హోదా మారదు, పని మారదు, పైవాడి కుర్చీ జోలికి పోయేది లేదు. జీతం స్కేలు మాత్రం మారుతుంది. కేంద్రంలోనూ ఇలాంటిదే ఉంది. 1999లో 12, 24 ఏండ్లకు రెండు మెట్లుగా తెచ్చి, తర్వాత 10, 20, 30 ఏండ్లకు మూడు మెట్లు చేశారు.

ఇప్పుడు లెక్క చూద్దాం. లెక్కల్లోనే దొంగ దొరుకుతాడు. వయసు సడలింపుతో 40 ఏండ్లకు 2019లో చేరిన బీసీ కార్యదర్శి ఒకరున్నారనుకోండి. 61 ఏండ్లకు, అంటే 2040లో రిటైరవుతారు. సర్వీసు 2019 నుంచి లెక్కిస్తే 21 ఏండ్లు. 6, 12, 18 మూడు మెట్లూ ఎక్కుతారు. 2023 నుంచి లెక్కిస్తే 17 ఏండ్లు. 18 ఏండ్ల మెట్టు ఏడాది దూరంలో ఆగిపోతుంది. పోయింది నాలుగేండ్ల జీతం తేడా ఒక్కటే కాదు, ఒక మెట్టు మొత్తం పోయింది. ఆఖరి జీతం తగ్గితే దాని మీద కట్టే ప్రతి లెక్కా తగ్గుతుంది. చిన్న వయసులో చేరినోళ్లకైనా మొదటి మెట్టు 2025లో రావాల్సింది 2029కి జరుగుతుంది. అక్కడి నుంచి ప్రతి మెట్టూ నాలుగేండ్లు ఆలస్యమే, రిటైరయ్యేదాకా.

కార్యదర్శులది నాలుగేండ్ల గోస. కాంట్రాక్టు లెక్చరర్లది ఇరవై ఏండ్ల గోస. ఉమ్మడి రాష్ట్రంలో 2000 తర్వాత సర్కారు జూనియర్ కాలేజీలను నడిపింది వాళ్లే. రెగ్యులర్ నియామకాలు ఆపి, ఖాళీ పోస్టుల్లో వాళ్లను కూర్చోబెట్టారు. మొదట్లో పది నెలల ఒప్పందం, ఎండాకాలం జీతం లేదు, మళ్లీ రెన్యువల్ కోసం కాలేజీ మెట్ల మీద ఎదురుచూపు. 2014లో రాష్ట్రం వచ్చింది. 2016 ఫిబ్రవరిలో జీవో 16 వచ్చింది. అది కోర్టు మెట్లెక్కింది, ఏండ్లు గడిచాయి. చివరికి 2023 ఏప్రిల్ 30న 5,544 మందిని క్రమబద్ధీకరించారు. అందులో సగానికి పైగా జూనియర్ లెక్చరర్లే. స్వీట్లు పంచుకున్నారు, మేమూ తిన్నాం. మరునాడు లెక్క తీస్తే నోరు చేదయింది.

30 ఏండ్ల వయసులో 2003లో చేరిన లెక్చరర్ రెగ్యులర్ అయ్యేనాటికి 50 ఏండ్లు. రిటైరయ్యేది 2034లో. రెగ్యులర్ సర్వీసు 11 ఏండ్లు. మొదటి మెట్టు ఎక్కుతాడు, రెండో మెట్టుకు ఏడాది తక్కువ. పాఠం చెప్పింది మాత్రం 31 ఏండ్లు! నాలుగు మెట్లూ ఎక్కాల్సినవాడు ఒక్క మెట్టుతో ఇంటికి పోతాడు. ఆయన పాఠం విని లెక్చరర్ అయిన శిష్యుడు అదే కాలేజీలో ఆయనకంటే పై స్కేలులో ఉంటే ఆశ్చర్యం లేదు. ఇంతకన్నా అవమానం ఏముంటుంది?

ఇది కొత్త రోగం కాదు, ఉమ్మడి పాలకుల నుంచి వారసత్వంగా వచ్చింది. 1980లలో నెలకు 398 రూపాయలిచ్చి స్పెషల్ టీచర్లను పెట్టారు. వాళ్ల పేరే '398 టీచర్లు' అయింది. జీతం అంకె మనిషి పేరైపోయిన కొలువు ఇంకెక్కడైనా ఉందా? ఆ కాలానికి నోషనల్ ఇంక్రిమెంట్ల కోసం వాళ్లు దశాబ్దాలు తిరిగారు. జుట్టు నెరిసింది, కొందరు కాలం చేశారు. తర్వాత డీఎస్సీ రాసి గెలిచినోళ్లకు 'అప్రెంటిస్' అనే పేరు పెట్టి రెండేండ్లు గౌరవ వేతనంతో పాఠాలు చెప్పించుకున్నారు. బీఈడీ, టీటీసీ చదివి, డీఎస్సీ గెలిచి వచ్చినోడు ఇంకా దేనికి అప్రెంటిస్? బడిలో ఒక్కడే టీచరున్న ఊళ్లో ఆ అప్రెంటిస్‌కు పని నేర్పింది ఎవరు, నల్లబల్లా?

1994 నాటి జీవో 212 ఇంకో చిత్రం. 1993 నవంబర్ 25 నాటికి ఐదేండ్ల సర్వీసు నిండిన దినసరి, తాత్కాలిక సిబ్బందినే క్రమబద్ధీకరిస్తామన్నారు. అర్హతకు ఐదేండ్లు కావాలి. ఒక్క రోజు తగ్గినా కాదు. క్రమబద్ధీకరణ అయ్యాక మాత్రం దానికి ముందటి ఏండ్లకు విలువ లేదు. గడప దాటడానికి ఆ సర్వీసు కావాలి, గడప దాటాక ఆ సర్వీసు చెత్తబుట్టకు. ఇదేం న్యాయం?

వీటన్నిటి వెనక ఉన్న ఉపాయం ఒక్కటే, దాని పేరు ఏకమొత్తం వేతనం. ఫండమెంటల్ రూల్స్‌లో 26వది చూడండి. టైమ్‌స్కేలు ఉన్న పోస్టులో చేసిన డ్యూటీ అంతా ఇంక్రిమెంటుకు లెక్కవుతుందని చెబుతుంది. అంటే సర్వీసు లెక్కలోకి రాకుండా చేయాలంటే దారి ఒక్కటే, టైమ్‌స్కేలు ఇవ్వకపోవడం. అందుకే పోస్టు మంజూరైనదే అయినా, పని పూర్తి పనే అయినా, జీతం మాత్రం 'ఏకమొత్తం' అని రాస్తారు. తక్కువ ఇవ్వడంతో సర్కారు ఒకసారి మిగుల్చుకుంటుంది. తక్కువ ఇచ్చాం కాబట్టి సర్వీసు కాదని చెప్పి రెండోసారి మిగుల్చుకుంటుంది.

యూజీసీ వాళ్లు ఈ విద్యలో మన సచివాలయాన్ని మించిపోయారు. డిగ్రీ కాలేజీ, యూనివర్సిటీ అధ్యాపకులకు కెరీర్ అడ్వాన్స్‌మెంట్ స్కీము ఉంది. 2018 నిబంధనల్లో తాత్కాలిక, కాంట్రాక్టు సర్వీసును కూడా లెక్కలోకి తీసుకోవచ్చని రాశారు. భేష్ అనుకునే లోపే షరతులు మొదలవుతాయి. అర్హతలు ఉండాలి, సరే. సక్రమమైన ఎంపిక కమిటీ తీసుకుని ఉండాలి, అదీ సరే. రెగ్యులర్ అధ్యాపకుడి నెల జీతానికి తగ్గకుండా జీతం తీసుకుని ఉండాలట! కాంట్రాక్టు వాడికి పూర్తి జీతం ఎగ్గొట్టింది యాజమాన్యం. ఎగ్గొట్టించుకున్నందుకు శిక్ష అధ్యాపకుడికా? చెయ్యని తప్పుకు జరిమానా కట్టడం విన్నాం, ఎదుటివాడు చేసిన తప్పుకు కట్టడం ఇదే చూడటం. సమాన పనికి సమాన వేతనం తాత్కాలిక ఉద్యోగులకూ వర్తిస్తుందని 2016లో పంజాబ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు వచ్చిన రెండేండ్లకు రాసిన షరతు ఇది.

"కోర్టులు ఒప్పుకోవు" అనేది అధికారుల మొదటి జవాబు. దాచాల్సిన పని మాకు లేదు, కోర్టులు రెండు వైపులా చెప్పాయి. తాత్కాలిక సర్వీసు పై స్కేలుకు లెక్కకు రాదని 2000లో హర్యానా పశువైద్యుల కేసులో, వర్క్‌చార్జ్‌డ్ సర్వీసు కాలబద్ధ ప్రమోషన్ స్కేలుకు లెక్కకు రాదని 2009లో పంజాబ్ విద్యుత్ బోర్డు కేసులో సుప్రీంకోర్టే చెప్పింది. ఎందుకని? స్కీములో 'రెగ్యులర్ సర్వీసు' అని రాసి ఉంది కాబట్టి. రాసి ఉన్నదాన్ని కోర్టు చదివింది. ఆ రెండు ముక్కలు రాసింది జడ్జి కాదు, ఆర్థిక శాఖ. రాసిన చెయ్యి తిరిగి రాయలేదా? మరోవైపు వర్క్‌చార్జ్‌డ్ సర్వీసును పింఛనుకు లెక్కించాలని 2019లో ఉత్తరప్రదేశ్ కేసులో, కాంట్రాక్టు సర్వీసును పింఛనుకు కలపాలని 2023లో హిమాచల్ కేసులో అదే కోర్టు చెప్పింది. 2024 డిసెంబర్‌లో కేంద్ర జల సంఘంలో ఏండ్లకేండ్లు ఊడ్చిన, తోటపని చేసిన వాళ్ల కేసులో, ఉమాదేవి తీర్పును దీర్ఘకాలం పనిచేసినోళ్ల మీద ఆయుధంగా వాడొద్దని తేల్చింది. ఇది జీవోతో తీరే పంచాయితీ. జీవో రాయడం ఇష్టం లేనివాడే కోర్టు పేరు చెబుతాడు.

రెండో జవాబు 'దొడ్డిదారి'. ఇది నిరుద్యోగ తమ్ముళ్లను ఉద్యోగుల మీదికి ఎగదోయడానికి వాడే మాట. దీన్ని తేలిగ్గా తీసేయలేం. ఏండ్ల తరబడి నోటిఫికేషన్ కోసం హాస్టల్ గదుల్లో ఎండిన పిల్లల బాధ మాకు తెలుసు. 2006లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు దొడ్డిదారి నియామకాలనే తప్పుపట్టింది. జీవో 16తో చట్టంలో చేర్చిన 10-ఏ సెక్షన్‌ను 2024 నవంబర్‌లో మన హైకోర్టు కొట్టేసింది, అప్పటికే క్రమబద్ధీకరించినోళ్లను మాత్రం కదపలేదు. సరే, దొడ్డిదారి వాదన దొడ్డిదారిన వచ్చినోడికి వర్తించనీయండి. పంచాయతీ కార్యదర్శి ఏ దారిన వచ్చాడు? బహిరంగ నోటిఫికేషన్, రాతపరీక్ష, రిజర్వేషన్, మెరిట్. ఇంతకంటే పెద్ద దర్వాజా ఏ కొలువుకు ఉంది? అప్రెంటిస్ టీచర్ డీఎస్సీ దర్వాజా నుంచి రాలేదా? సింహద్వారం నుంచి వచ్చినోడి మెడలో 'తాత్కాలికం' అనే బిళ్ల కట్టి, ఆ బిళ్ల చూపించి దొడ్డిదారి అంటే నమ్మడానికి తెలంగాణ బిడ్డలు అమాయకులు కాదు.

రెగ్యులర్ ఉద్యోగ మిత్రుల్లో కొందరికి ఇంకో అనుమానం ఉంది. వీళ్ల సర్వీసు కలిపితే మా సీనియారిటీ ఏమవుతుందని. ఏమీ కాదు. ఇది సీనియారిటీ గొడవ కాదు, ప్రమోషన్ గొడవ కాదు. మీ కుర్చీ మీదే. ఒకే కుర్చీలో మగ్గినందుకు ఇచ్చే స్కేలు ఇది. ప్రమోషన్ లేకుండా నాలుగేండ్లు, ఇరవై ఏండ్లు మగ్గినోళ్లకంటే ఆ స్కేలుకు హక్కుదారులు ఇంకెవరుంటారు? రెగ్యులర్, కాంట్రాక్టు అని రెండు గుంపులు చేసి ఒకరి కంచం మీదికి ఇంకొకరి చూపు మళ్లించడం పాత ఎత్తుగడ. 2011లో 42 రోజుల సకల జనుల సమ్మెలో టెంటు కింద పక్కపక్కన కూర్చున్నప్పుడు మేం ఎవరి నియామక ఉత్తర్వూ అడిగి చూడలేదు.

మూడోది ఖజానా. ఖజానా ఎప్పుడూ పేదదే, అడిగేది కింది ఉద్యోగి అయినప్పుడు. అందుకే సంఘాలు ఎన్నోసార్లు నోషనల్‌కు కూడా ఒప్పుకున్నాయి. అంటే గడిచిన కాలానికి బకాయిలు ఇవ్వొద్దు, కాగితం మీద జీతం సవరించి ఇవాళ్టి నుంచి ఇవ్వమని. ఇది ఉద్యోగి చేసుకున్న త్యాగం. దీనికి కూడా 'ఫైలు పరిశీలనలో ఉంది' అంటే పరిశీలించేవాళ్ల కళ్లు పరీక్ష చేయించాలి.

తెలంగాణలో కాంట్రాక్టు అనే మాటే ఉండదని చెప్పి మొదటి సర్కారు వచ్చింది. 2014లోనే ఉద్యోగులకు తెలంగాణ ఇంక్రిమెంటు ఇచ్చింది, మంచిదే. కానీ స్కేలే లేనివాడికి ఇంక్రిమెంటు దేని మీద కడతారు? ఉద్యమంలో అందరి చెమటా ఒక్కతీరే కారింది, ఫలం మాత్రం సర్వీసు రిజిస్టరు ఉన్నోడి ఇంటికే పోయింది. 2023 డిసెంబర్‌లో సర్కారు మారింది. కుర్చీలో మనిషి మారితే సరిపోదు, ఆర్థిక శాఖ నోట్‌ఫైల్‌లో రాసే వాక్యం మారాలి.

మేం అడిగేది గాలి మాట కాదు. మంజూరైన పోస్టు, ఆ పోస్టుకు కావాల్సిన అర్హత, పోటీపరీక్షో ఎంపిక కమిటీయో ద్వారా నియామకం, తెంపు లేని సర్వీసు. సర్కారు తనే కల్పించిన ఒక రోజు, రెండు నెలల విరామాలను తెంపుగా చూపించొద్దు. ఇవి ఉన్నచోట తొలి రోజు నుంచి సర్వీసును అడ్వాన్స్‌మెంట్ స్కేళ్లకు లెక్కించాలి. రిటైర్‌మెంటుకు దగ్గరపడ్డ లెక్చరర్ల ఫైళ్లు ముందు తీయాలి. వాళ్లకు ఇంకో పీఆర్సీ దాకా ఆగే టైము లేదు.

ఈలోపు ఒక పని మీ చేతుల్లో ఉంది. తొలి నియామక ఉత్తర్వు, చేరిన రోజు రిపోర్టు, ఏటేటా వచ్చిన రెన్యువల్ ఉత్తర్వులు, జీతం పడ్డ బ్యాంకు పాస్‌బుక్ పేజీలు, హాజరు పట్టిక నకళ్లు, అన్నీ రెండు సెట్లు జిరాక్స్ తీసి పెట్టుకోండి. ఆఫీసుల్లో పాత కాగితాలు చెదలకు పోయాయని, బిల్డింగు మారినప్పుడు కనబడకుండా పోయాయని చెప్పడం మనం ఇదివరకే విన్నాం. 398 టీచర్లలో ఎందరో తమ సర్వీసును తామే రుజువు చేసుకోలేక ఆఫీసు వరండాల్లో కూలబడ్డారు. జీవో వచ్చిన రోజు సెక్షన్ క్లర్కు అడిగే మొదటి మాట "ప్రూఫ్ ఏది?" అనే. అది మీ సంచిలో ఉండాలి.